బోరు కాడ రిమోట్

తనకల్లు దగ్గర, బోరు పక్కన బయ్యన్న శవం. చేతిలో ఇంకా మోటారు కేబులు ఉంది. కరెంటు షాక్.

ఉదయం తొమ్మిదిన్నరకు ఎస్సై పుష్పావతి వచ్చేసరికి ఊరు హంతకుణ్ణి కూడా సిద్ధం చేసిపెట్టింది. బయ్యన్న తమ్ముడు దేవేంద్రను స్తంభానికి కట్టేసి చేతిదురద తీర్చుకున్నారు. ఆమెకు ఒళ్లు మండింది. కట్లు విప్పుతారా, అందర్నీ జీపెక్కించనా అని అడిగింది. విప్పారు.

దేవేంద్రకు ఎలక్ట్రానిక్స్ పిచ్చి. చిన్న రేడియో రిసీవర్ తెప్పించి బోరు దగ్గరి ఇనుప స్టార్టర్ డబ్బాలో బిగించాడు. రిమోట్ నొక్కితే మోటారు ఆన్. ఒక రిమోట్ అతనిది. రెండోది పక్క చేను గంగాధర్‌ది. బోరు ఎండిపోయిన అతని చీనీ తోటకు బయ్యన్నే నీళ్లిచ్చేవాడు.

గంగాధర్ సాక్ష్యం కూడా చెప్పేశాడు. దేవేంద్ర మిద్దె మీద నిలబడి రిమోట్ నొక్కాడట, ఇక్కడ మోటారు ఆన్ అయిందట. తోటలోంచి కళ్లారా చూశాడట.

పుష్పావతి డబ్బా తెరిచింది. బయట వేలాడాల్సిన యాంటెన్నా తీగ లోపల చుట్టి ఉంది.

"ఇదెవరు మడిచినారు?"

"మా ఆయనే," అంది బయ్యన్న భార్య ఇంద్రాణి. "ఉడతలు కొరుకుతాండాయని, పోయిన వారం."

శవాన్ని పంపించి, కేబులు విడదీయించి, డబ్బా మూయించింది. కానిస్టేబుల్ మిద్దె మీంచి నొక్కాడు. ఉలుకూ లేదు, పలుకూ లేదు. తోటలోంచి నొక్కాడు. లేదు. డబ్బా పక్కనే నిలబడి నొక్కితే స్టార్టర్ టక్కుమంది.

"తీగ మడిచి ఇనుప మూత వేస్తే దీనికి చెవుడే," అంది పుష్పావతి. "నొక్కినోడు ఈడే నిలబడినాడు. దేవేంద్ర మిద్దె మీద ఉన్నాడని నువ్వే చెప్తివి. మరి ఈడ నొక్కిన రిమోట్ ఎవరిదప్పా?"

ఒక్క కసురు కసిరితే గంగాధర్ నోరు తెరిచాడు.

"వారం నుంచి నొక్కుతాండా మేడమ్. చుక్క రాల్యా. చెట్లు కండ్ల ముందర ఎండిపోతాండాయి. బయ్యన్నకు చెప్తే చూస్తాలే అన్యాడు. ఈ పొద్దు వచ్చి చూస్తే కేబులు పట్టుకోనుండాడు. దాన్ని కూడా పీకేస్తాండాడనుకొని నొక్కితి."

ఇంద్రాణి వచ్చి అతని చొక్కా పట్టుకుంది. అరవలేదు.

"నువ్వు చెప్పినావనే వచ్చినాడు. కేబులు అతుకు ఊడిందేమో చూస్తా, గంగాధర్ తోట ఎండిపోతాదని. సద్ది కూడా తాగల్యా."