చెయ్యి వదలని తొడుగు

చంద్రుడి మీది గనుల పట్టణంలో సెలవు రోజున జనం ఎక్కువగా చేరేది నగల తరగతికే. మెకానిక్కులు, నర్సులు, వంటవాళ్లు చిన్న బల్లల ముందు కూర్చుని, వెండి తీగను పట్టకారుతో మెలితిప్పుతూ ఆకులూ పువ్వులూ అల్లేవారు. అమ్మడానికి కాదు, సరదాకి. ఆ పని కరీంనగర్‌ది. నేర్పే చేతులు బ్రహ్మయ్యచారివి. ఆయన పోయి చాలా ఏళ్లయింది.

ఆ చేతుల్ని భద్రపరిచింది డాక్టర్ నీలవేణి. ఆమె కనిపెట్టిన ‘కరస్మృతి’ చేతి తొడుగులో సన్నని సెన్సర్లు, కృత్రిమ కండరాలు ఉంటాయి. చారి వేళ్ల కదలిక, ఒత్తిడి, వెచ్చదనం అన్నీ అందులో నమోదై ఉన్నాయి. నేర్చుకునేవారి వేలు దారి తప్పితే తొడుగు మెల్లగా బిగిసి సరిదిద్దుతుంది. పని పట్టుబడే కొద్దీ వదులవుతుంది. పూర్తిగా వచ్చాక ఇక కదలదు.

కానీ తరగతి మొదలై ఏడాది దాటినా ఒక్కరికీ పని రాలేదు. మూసేస్తామని పట్టణ మండలి కబురు పెట్టడంతో నీలవేణి భూమి నుంచి స్వయంగా వచ్చింది. లోపం ఎక్కడుందో చెప్పమని తొడుగులను నడిపే కంప్యూటర్‌ను అడిగింది.

“తొడుగుల్లో లోపం లేదు. వాళ్ల వేళ్లకు పని వచ్చేసింది. తప్పులు కావాలనే చేస్తున్నారు,” అంది కంప్యూటర్.

ఆమెకు ఒళ్లు మండింది. అందరికంటే పాత విద్యార్థి యోహానును పక్కకు పిలిచింది. తెనాలి నుంచి వచ్చి ఆక్సిజన్ ప్లాంటులో పనిచేస్తున్న పెద్దమనిషి. మొదట బుకాయించాడు. తర్వాత తల వంచుకుని, ఇక్కడ అందరూ రోజంతా స్పేస్ సూట్లలోనే ఉంటారనీ, మనిషి చెయ్యి తగిలి ఎన్నాళ్లయిందో తనకు గుర్తే లేదనీ చెప్పాడు.

“పని వచ్చేసిందంటే పెద్దాయన చెయ్యి వదిలేస్తాడుగా మేడం,” అన్నాడు.



అందరూ వెళ్లాక నీలవేణి ఒక బల్ల ముందు కూర్చుంది. చారి దుకాణం కళ్లముందు మెదిలింది. కుంపట్లో బొగ్గుల వాసన, నేల మీద మెరిసే వెండి రజను. ఆయన చేతుల్ని నమోదు చేయడానికి వెళితే, ముందు ఆమెనే పీట మీద కూర్చోబెట్టాడు.

“నీకు రాకుంటే యంత్రానికెట్ల నేర్పుతవు బిడ్డా?” అంటూ ఆమె చేతి మీద తన చెయ్యి వేశాడు. నెలల తరబడి అలాగే నేర్పాడు.

ఆయన పోయాక ఆమె ఈ తొడుగు ఎప్పుడూ వేసుకోలేదు. ఇప్పుడు వేసుకుని తీగను చుట్టింది. చుట్టు చక్కగా తిరిగింది. తొడుగు ఉత్త గుడ్డలా చేతికి వేలాడుతూ ఉండిపోయింది. ఇంకో చుట్టు తిప్పింది. అదీ అంతే.

కాసేపు ఆగి, తీగను కావాలనే వంకరగా వంచింది.

తొడుగు బిగిసింది. వెచ్చని వేళ్లు ఆమె వేళ్లను పట్టుకుని, తొందరపడకుండా తీగను వెనక్కి తిప్పాయి.

మర్నాడు ఆమె మండలికి నివేదిక ఇచ్చింది. ఎవరికీ ఇంకా పని రాలేదనీ, తరగతి కొనసాగాల్సిందేననీ చెప్పింది. తనకు కూడా ఒక బల్ల వేయించమని అడిగింది.