నవ్వకండి, నిజమే చెబుతున్నా

ఇరింజాలకుడలో తమ్ముడు దివాకరన్ ఇంటికి విలాసిని వచ్చేసరికి పొద్దున్న ఎనిమిదైంది. మరదలు ఓమన ఆవిరి మీద ఉడికిన బియ్యప్పిండి పుట్టు, శనగల కూర వడ్డిస్తోంది. విలాసిని కుంటుతూ గుమ్మం ఎక్కడం చూసి మేనకోడలు అతుల్య కిసుక్కుమంది.

ఇరవై రెండేళ్లుగా కామెడీ ట్రూపుల్లో విలాసినిది ఒకటే వేషం. నైటీ మీద తువ్వాలు వేసుకుని, కొత్త కోడళ్లను "విశేషమేమీ లేదా?" అని వేపుకుతినే మేనత్త. కేరళ అంతా ఆవిడను అత్తా అనే పిలుస్తుంది. పిలిచినవాళ్లలో ఒక్కరూ ఇంటికి రమ్మనలేదు, అది వేరే సంగతి. పెళ్లి చేసుకోలేదు. త్రిశూర్‌లో అద్దె ఇంట్లో ఒక్కతే ఉంటుంది.

"అత్తా! అమ్మ కూర మీద ఒక డైలాగు వెయ్యవా?" అంది అతుల్య.

విలాసిని పళ్లెం పక్కకు జరిపింది. బస్సులో పదిసార్లు అనుకుంటూ వచ్చిన మాట బయటపెట్టింది.

"దివాకరా, నేనిక్కడే ఉండిపోతాన్రా. మీ పై గది ఖాళీయేగా. ఒక్కదాన్నే ఉండలేకపోతున్నా."

ముగ్గురూ పగలబడి నవ్వారు.

"ఆ మొహం చూడు నాన్నా!" అతుల్య ఫోను తీసింది.

"స్టేజీ మీదకంటే ఇక్కడే బాగా చేస్తున్నావు వదినా," ఓమన కళ్లు తుడుచుకుంది.

"నిజంగానే అంటున్నా." విలాసిని గొంతు వణికింది. దానికీ నవ్వారు. వాళ్లను అని లాభం లేదు, ఆ వణుకుతోనే కదా ఆవిడ ఇన్నాళ్లూ చప్పట్లు కొట్టించుకుంది!

"ఫోను కింద పెట్టవే!" విలాసిని అరిచింది. "మంగళవారం బాత్‌రూంలో జారిపడ్డాను. ఎవరైనా రండి అని కేకలేశాను. గోడ అవతల పక్కింటివాళ్లు నవ్వుకున్నారు. రిహార్సలు అనుకున్నారట! మధ్యాహ్నం దాకా అలాగే పడున్నాను. ఇంకెలా చెబితే నమ్ముతారు?"

ఆవిడ చీర కాస్త పైకి జరిపింది. మోకాలు కమిలి, వాచిపోయి ఉంది.

"నాకొక్క ఫోను చేసి ఉండొచ్చుగా అక్కా!"

"చేశాన్రా, ఆ సాయంత్రమే. కొత్త స్కిట్టా అక్కా, బాగుంది అన్నావు."

దివాకరన్ రెండు చేతుల్లో మొహం దాచుకున్నాడు.

ఓమన లేచి వెళ్లి నూనె వేడి చేసి తెచ్చింది. నేల మీద కూర్చుని ఆ మోకాలికి రాస్తూ, "పై గది వద్దు వదినా," అంది.

విలాసిని తలూపింది. సరే, తిరుగు బస్సు ఎన్నింటికో కనుక్కోవాలి అనుకుంది.

"ఈ కాలితో మెట్లెలా ఎక్కుతావు? కింద అతుల్య గదిలో పడుకో. అది పైకి పోతుంది."

అతుల్య అప్పటికే తన దిండు తీసుకుని మెట్లెక్కుతోంది. విలాసిని గొంతెత్తి, ముక్కు చీదుకుంటూ ఏడ్చింది. ఎవరూ నవ్వలేదు.