తోరణానికి ఇవతల

“అందరూ రావాల్సిందే! ఒక్కరు తగ్గినా మొక్కు మొక్కు కాదు, తెలిసిందా!”

ఇంకా తెల్లగా తెల్లారనేలేదు, అత్తగారు కిసా అప్పుడే ఇల్లంతా చుట్టబెట్టేస్తోంది. ఆవిడ చంకలో ఊదారంగు గుడ్డమూట ఉంది. పోయిన చలికాలం కొడుకు తెట్సువో కడుపుకి కోత పడ్డప్పుడు, ఆవిడ క్యోటో దాకా పోయి, ఇనారి దేవర గుడిలో కన్నీళ్ళు పెట్టుకుని తెచ్చిన రక్షలు ఆ మూటలో ఉన్నాయి. కొడుకు లేచి తిరుగుతున్నాడు కదా, ఆ రక్షల్ని మళ్ళీ దేవరకి అప్పగించి, ఇంటిల్లిపాదీ గుడి ముందు ద్వారాల్లా నిలబెట్టిన ఎర్ర కొయ్య తోరణాల కిందనుంచి నడిచి దండం పెట్టుకోవాలి. అదీ మొక్కు. అందుకే తమ ఊరు అయబె నుంచి వెళ్ళే యాత్రా బస్సులో నాలుగు సీట్లు చెప్పించింది. పొద్దున బయల్దేరి గుళ్ళన్నీ చూపించి రాత్రి భోజనాల వేళకి దించేస్తారు.

వంటింట్లో అన్నం ముద్దలు చుడుతున్న కోడలు సుమియే చేతులు వణుకుతున్నాయి. ఉప్పు అద్దబోయి నీళ్ళు అద్దింది, నీళ్ళు అద్దబోయి ఉప్పు అద్దింది! ఉప్పు వేళ్ళకి తగలగానే పాపం... చావింటి నుంచి తిరిగొస్తూ, చావు అంటు ఇంట్లోకి రాకూడదని వీధి మలుపులో ఎవరూ చూడకుండా ఒంటిమీద చల్లుకున్న ఉప్పు గుర్తొచ్చింది.

అవునమ్మా, ఆమె తల్లి పోయింది. నిండా పక్షం కాలేదు!

కన్నతల్లి పోతే దాచుకోవడం ఏమిటని అడుగుతారేమో. ఆ తల్లి తొయో, మైజురు రేవు దగ్గర చిన్న సారా కొట్టు నడుపుకునేది. మొగుడు వదిలేసి పోతే, మిసో అనే ఉప్పటి సోయా ముద్ద పూసి చేమదుంపలు కాల్చి, పడవల వాళ్ళకి గిన్నెల్లో సారా పోసి, ఆ పొగలోనే పిల్లని పెంచింది. కిసా మొగుడేమో బంగారంలాంటి తేయాకు వ్యాపారాన్ని సరిగ్గా అలాంటి కొట్లలోనే కూర్చుని తాగేశాడు. అందుకని పెళ్ళి మాటల్లోనే కిసా ఖరాఖండీగా చెప్పేసింది. “పిల్ల నచ్చింది, తెచ్చుకుంటాను. ఆ సారా కొట్టు ఆడది మాత్రం నా గుమ్మం తొక్కకూడదు. దాని పేరు నా ఇంట్లో వినపడకూడదు!” తొయో తలవంచుకుని సరేనంది. కూతురి సుఖం కోసం తన పేరే చెరిపేసుకుంది! మనవరాలు కయో పుట్టి పద్నాలుగేళ్ళొచ్చినా, అమ్మమ్మ ఒకావిడ ఉందని ఆ పిల్లకే తెలియదు.

“ఏవండీ, నేను రాలేనండీ... మైలలో ఉండి తోరణం దాటకూడదు కదా,” అంది సుమియే, చెప్పులు తొడుక్కుంటున్న భర్త చెవిలో. అసలు సంగతి అతనొక్కడికే తెలుసు.

తెట్సువో అటూ ఇటూ చూశాడు. “నెమ్మది! అమ్మ ఏడాదిగా ఈ రోజు కోసం ఎదురు చూస్తోంది. ఇప్పుడు చెప్పామనుకో, ఇల్లు నిప్పుల గుండమే. కళ్ళు మూసుకుని దాటెయ్, తర్వాత చూసుకుందాం.”

“మీ ప్రాణం నిలబెట్టిన దేవరండీ! నా మైల అక్కడికి తీసుకెళ్తే, మళ్ళీ మీకే ఏదైనా...”

“ఏమిటా గుసగుసలు? పెళ్ళయిన కొత్తా?” అత్తగారి కేక. ఇద్దరూ ఉలిక్కిపడి విడిపోయారు.

బస్సు ఎక్కింది మొదలు సుమియేకి కుదురు లేదు. రుమాలు మెలిపెట్టడం, విప్పడం, మళ్ళీ మెలిపెట్టడం. కొండల మీద ఎర్రబడ్డ ఆకులు చూసి బస్సంతా ఆహా ఓహో అంటుంటే, ఆమెకి మాత్రం ఆ ఎరుపంతా తోరణాల్లాగే కనిపిస్తోంది! యాత్ర నడిపించే అమ్మాయి మిచియో పసుపు జెండా ఊపుతూ ఒకటే కబుర్లు.

“బుద్ధుడి గుడిలో చేతులు జోడించాలి, చప్పుడు చెయ్యకూడదు. దేవర గుడిలో రెండు చప్పట్లు కొట్టాలి. పోయినసారి ఒక తాతగారు బుద్ధుడి ముందు గట్టిగా చప్పట్లు కొడితే, నిద్రపోతున్న పూజారి గారు లేచి వచ్చారు!”

“ఆ తాత మా ఊరివాడే అయ్యుంటాడు,” అంది కిసా. బస్సంతా నవ్వింది. అత్తగారు ఇవాళ ఎంత సంబరంగా ఉందో! ఆ సంబరం చూడలేక సుమియే రుమాలుకి ఇంకో మెలిక వేసింది.

మొదట దిగింది బుద్ధుడి గుడి. అక్కడ మైల పట్టింపు లేదు, చావు పుట్టుకలన్నీ ఆయన గడపలోనే కదా. సుమియే అందరికంటే ముందు పరుగులాంటి నడకతో వెళ్ళి అగరుబత్తులు వెలిగించింది. పొగ కళ్ళలోకి పోయింది. ఆ పొగేనా, లోపలి పొగా... కన్నీళ్ళు ఆగలేదు! ‘అమ్మా, నీ పేరు పైకి చెప్పి ఏడిచే రాత కూడా లేదే నాకు!’

“ఏమే, బుద్ధుణ్ణి ఎప్పుడూ చూడనట్టు ఆ ఏడుపేమిటి?” అంది కిసా వెనకనుంచి.

“పొగ అత్తయ్యా.”

తర్వాతది దారిలోని చిన్న దేవర గుడి. తోరణం దగ్గరికి రాగానే సుమియే ఆగిపోయింది. భర్త మోచేత్తో పొడిచాడు. ఆమె వంగి చెప్పు సర్దుకుంటున్నట్టు నటించింది. “పట్టీ తెగింది, మీరు పదండి... నేను ఇక్కడే ఉంటా.”

“కొత్త చెప్పులు కదమ్మా!” అంది కయో.

“కొత్తవే తెగుతాయి!” అని కసిరింది. ఎప్పుడూ కసరని తల్లి కసిరేసరికి పిల్ల బిత్తరపోయింది. కిసా మాత్రం వెనక్కి తిరిగి ఒక చూపు చూసింది. తేయాకు వాసన చూసి ఏ కొండదో చెప్పగల మనిషి ఆవిడ, ఆవిడ చూపుని ఏమార్చడం అంత తేలికా!

మధ్యాహ్నం భోజనం వేడి తోఫు, సోయా పాలతో చేసే మెత్తటి జున్ను. తల్లి మీద జాలేసిందేమో, కయో తన గిన్నెలోంచి ఒక ముక్క తినే పుల్లలతో పట్టి, “అమ్మా, నువ్వేం తినలేదు, ఇదిగో,” అంది. ఎక్కడో ఆలోచిస్తున్న సుమియే తన పుల్లలు చాచి ఆ ముక్కని గాలిలోనే అందుకుంది. పుల్లల నుంచి పుల్లలకి!

కిసా చేతిలోని టీ కప్పు ఠప్పుమని బల్లమీద పడింది.

“ఛీ! ఏమిటా పని? చితిలో ఎముకలు ఏరుకుంటున్నావా!”

పక్క బల్లల వాళ్ళు తిరిగి చూశారు. అన్నం దగ్గర అలా అందుకునే వాళ్ళు ఏ ఇంట్లోనూ ఉండరు, పసిపిల్లలకి కూడా మొట్టికాయ వేసి నేర్పే మాట అది. బూడిదలోంచి అస్థికలు తీసేటప్పుడే ఒకరి పుల్లల నుంచి ఒకరి పుల్లలకి అందిస్తారు. సుమియే చేతికి మాత్రం మొన్న మొన్నటి ఆ పనే ఇంకా అంటుకుని ఉంది... మేనమామ అందిస్తుంటే, తెల్లగా, తేలిగ్గా, అమ్మ! తోఫు ముక్క జారి బల్లమీద పడి చితికిపోయింది. 

కిసా ఇంకేమీ అనలేదు. ఎప్పుడూ ఏదో ఒకటి అనే మనిషి నోరు మూసుకుంటే అంతకంటే భయం ఇంకేముంది! తెట్సువో గిన్నెలోంచి తల ఎత్తలేదు. మిగిలిన దారంతా బస్సులో అత్తగారు మూట ఒళ్ళో పెట్టుకుని, కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చుంది. సుమియే రుమాలు పోగులు పోగులుగా ఊడిపోయింది.

ఇనారి కొండ వచ్చేసింది. అదిగో పెద్ద తోరణం! దాని వెనక కొండ మీదికంటా ఎర్ర తోరణాల బారు. మిచియో జెండా ఎత్తి అందరినీ నడిపించింది. మిగతా యాత్రికులంతా దాటారు. అటువైపు అడుగు పెట్టబోతూ కిసా ఆగి వెనక్కి తిరిగింది.

“రావే.”

సుమియే కదల్లేదు.

“చెప్పు మళ్ళీ తెగిందా?”

“అత్తయ్యా... నేను రాలేను. నన్నేమైనా అనండి. ఇంట్లోంచి పొమ్మనండి, పోతాను! కానీ ఈ తోరణం మాత్రం దాటలేను. మీ అబ్బాయిని బతికించిన గడప ఇది, దీన్ని నేను మైలపరచలేను...” అంటూ వచ్చీపోయే జనంలోనే నేలమీద కూలబడిపోయింది.

“అమ్మా, అదీ...” అని తెట్సువో నీళ్ళు నమిలాడు.

“నువ్వు నోరు ముయ్యి! బుద్ధుడి గుళ్ళోకి పరుగెత్తింది, దేవర గుడి దగ్గర ఆగిపోయింది, అన్నం దగ్గర ఎముకలు ఏరింది. నాకు తెలియదనుకున్నావా?” కిసా గొంతు మొదటిసారి తగ్గింది. “ఎవరే? మీ అమ్మేనా?”

సుమియే తల ఊపింది. ఇన్నేళ్ళలో ఆ ఇంటి మనిషి నోట ‘మీ అమ్మ’ అన్న మాట వినడం అదే మొదలు. ఇక ఏడుపు ఆగుతుందా? పిల్లదానిలా వెక్కి వెక్కి ఏడ్చింది.

“ఎలా పోయింది?”

“కొట్టు మూసి... పొయ్యి దగ్గరే ఒరిగిపోయిందట. పొద్దున పాలవాడు చూశాడట. ఒక్కత్తే, అత్తయ్యా! ఎవరూ లేకుండా...”

కయో తల్లి భుజం పట్టుకుని నిలబడింది. “నాకు... అమ్మమ్మ ఉందా?”

 జవాబు కిసాయే చెప్పింది. “ఉండేది.”

ఆ ఒక్క మాట చెప్పడానికి ఆవిడకి ఎంత బరువైందో! తోరణం వైపు చూసింది, చంకలోని మూట వైపు చూసింది. ఏడాది పాటు పక్కింటివాళ్ళకి, ఎదురింటివాళ్ళకి చెప్పుకుని మురిసిన మొక్కు అది. రెండడుగులు ముందుకి వేస్తే తీరిపోతుంది. కోడలికి మైలైతే ఆవిడకేం పట్టింది? ఆ సారా కొట్టు ఆడది తనకేమీ కాదని ఇన్నేళ్ళూ అన్నది తనే కదా!

మిచియో జెండా పట్టుకుని వెనక్కి పరుగెత్తుకొచ్చింది. “బామ్మగారూ, మీ కోసమే ఆగాం. రండి రండి!”

“మీరు పొండమ్మా,” అంది కిసా. “మా వియ్యపురాలు పోయింది. మాకందరికీ మైల.”

సుమియే ఏడుపు మధ్యలోనే ఆగిపోయింది. విన్నది నిజమేనా అన్నట్టు తలెత్తి చూసింది.

“మరి... మొక్కు, అమ్మా?” అన్నాడు తెట్సువో.

“ఈ దేవర వెయ్యేళ్ళుగా ఇక్కడే ఉన్నాడు. మైల తీరేదాకా ఆగలేడా? నీ సంగతి ఇంటికెళ్ళాక చెప్తాను. కట్టుకున్నదాన్ని కళ్ళు మూసుకుని దాటమన్న మగాడివి నువ్వే అయ్యుంటావు, నీ ముఖం చూస్తేనే తెలుస్తోంది!” అని కొడుకుని కడిగేసి, కోడలి వైపు తిరిగింది. “నీ మీద కూడా కోపం పోలేదే. మైల దాచి, నా పొయ్యి మీద వంట చేశావు. లే, లేచి ముక్కు తుడుచుకో. రుమాలేదీ? ఓసి నీ దుంపతెగ, పోగులు చేసేశావా!” అని తన రుమాలు ఒళ్ళో పడేసింది.

తోరణానికి ఇవతల, దారికి పక్కగా కొట్ల వరస ఉంది. చివరి కొట్టులోంచి పొగ లేస్తోంది. మిసో మాడిన వాసన. సుమియే ఆ వాసనకి అప్రయత్నంగా అటు తిరిగింది. కోడలు ఎటు చూసిందో కిసా చూసింది.

అలాంటి కొట్టులో జన్మలో కూర్చోనన్న మనిషి... చరచరా నడిచి వెళ్ళి పొయ్యికి ఎదురుగా ఉన్న బల్ల మీద చతికిలబడింది!

“చేమదుంపలు గుచ్చిన పుల్లలు ఐదు. వేడి సారా, ఐదు గిన్నెలు. పిల్లదానికి పెదవి తడిస్తే చాలు.”

“నలుగురేగా ఉన్నారు, బామ్మగారూ?” అన్నాడు కొట్టువాడు.

“నీకు లెక్కలు వచ్చులే. ఐదు తే.”

ఐదో గిన్నె, ఐదో పుల్ల తన పక్కనే ఖాళీగా ఉన్న చోట పెట్టింది.  పొగ ఆ ఖాళీ చోటు మీదుగా కొండ వైపు సాగిపోతోంది.

“మీ అమ్మ ఇలాగే కాల్చేదా?” అంది, ఎటో చూస్తూ.

“ఇంకొంచెం మాడనిచ్చేది, అత్తయ్యా... అంచులు నల్లబడాలనేది.”

“ఏమయ్యోయ్!” కిసా కొట్టువాడి మీద కేకేసింది. “ఇవి వెనక్కి తీసుకుని, అంచులు నల్లబడేదాకా కాల్చు!”

కాల్చి తెచ్చారు. సుమియే తినే పుల్లలు అందుకోబోతే కిసా వాటిని పక్కకి తోసేసి, వేడి దుంప గుచ్చిన పుల్లని తన చేత్తోనే తీసి కోడలి చేతిలో పెట్టింది.

“చేత్తో తీసుకో.”

సుమియే చేత్తో తీసుకుంది. పొద్దుటి నుంచి ఒక్క క్షణం నిలవని ఆ చేతులు అప్పుడు వణకలేదు.