యువరాజు ఆరోగ్యం కోసం

ఎఫీమ్ శవం దౌగవ నదిలో, కలప తెప్పల మధ్య దొరికింది. వీపులో కత్తి దిగబడి ఉంది. జేబులో వాచీ, పర్సు, వేలికి ఉంగరం అన్నీ భద్రంగా ఉన్నాయి. రీగా పోలీసులు ఇది దొంగల పని అని రాసుకుని చేతులు దులుపుకున్నారు. అంత నిజాయితీ గల దొంగలు తమ ఊళ్ళో ఉన్నారని వాళ్ళెలా నమ్మారో దేవుడికే తెలియాలి.

మర్నాడు పొద్దున్నే గ్లేబ్ తుమానొవ్‌కి కబురు వచ్చింది. "మామయ్యకి నడుం పట్టేసింది." అంటే స్నానశాలకి రమ్మని.

రష్యన్ పేటలో ఉన్న ఆ ఆవిరి స్నానశాల గుమ్మం దగ్గర ఒక ముసలాడు తువ్వాలు అందిస్తూ అడిగాడు.

"ఒళ్ళు బాదుకోడానికి బర్చ్ కొమ్మలివ్వనా, ఓక్ కొమ్మలివ్వనా?"

"ఏవైనా సరే. నిరుటివి కాకపోతే చాలు."

కోడ్ సరిపోయింది. ముసలాడు పక్కకి జరిగాడు.

లోపల ఆవిరిలో పై బల్ల మీద కల్నల్ బుర్యాక్ కూర్చుని ఉన్నాడు. ఒకప్పుడు జార్ సైన్యంలో గూఢచారి శాఖ నడిపినవాడు. ఇప్పుడు దేశం పోగొట్టుకుని ఊరూరా చెదిరిపోయిన ఆఫీసర్ల సంఘానికి రీగాలో అదే పని చేస్తున్నాడు. బ్రీఫింగులన్నీ ఇక్కడే పెడతాడు. ఒంటి మీద నూలుపోగు లేనివాడు రివాల్వర్ దాచలేడన్నది ఆయన సిద్ధాంతం. ఎవరినీ నమ్మడు. అద్దంలో తన మొహం చూసుకున్నా ఒకసారి ఎగాదిగా చూసి గానీ గడ్డం గీసుకోడు.

"నీ వెనక ఎవరైనా వచ్చారా?"

"లేదండీ."

"రాలేదా, నువ్వు చూడలేదా?" అని కాసేపు గ్లేబ్ మొహంలోకి చూసి, అసలు సంగతిలోకి దిగాడు. "జినైదా లొబనోవా తెలుసుగా."

తెలియకేం. సన్నటి చేతి తొడుగులు, పొడవాటి సిగరెట్ హోల్డర్, ఆమె వెళ్ళిపోయాక కూడా గదిలో నిలిచిపోయే సెంటు. సంఘానికి ఏజెంటుగా జీతం పుచ్చుకుంటుంది. మాస్కో దగ్గర కూడా పుచ్చుకుంటోందని బుర్యాక్ అనుమానం. ఋజువు మాత్రం ఇంతవరకూ దొరకలేదు.

"యువరాజు బతికే ఉన్నాడంటోంది."

"నెలకొకరు అంటూనే ఉన్నారు కదండీ. మొన్నటికి మొన్న బెర్లిన్‌లో ఒక యువరాజు, వియన్నాలో ఒక యువరాజు. ఇద్దరికీ ఫ్రెంచి రాదు."

"వాళ్ళని జనరల్ సబూరొవ్ నమ్మలేదు. ఈమెని నమ్మాడు."

గ్లేబ్ చేతిలో కొమ్మ ఆగిపోయింది.

తొమ్మిదేళ్ళ కిందట ఉరల్ కొండల ఊళ్ళో, ఒక ఇంటి నేలమాళిగలో, జార్‌నీ భార్యాబిడ్డలనీ కాల్చి చంపారు. మూడువందల ఏళ్ళ వంశం ఒక్క రాత్రితో సరి. వాళ్ళలో చిన్నవాడైన యువరాజు మాత్రం కొనఊపిరితో ఉన్నాడనీ, కాపలావాడొకడు జాలిపడి బయటికి చేర్చాడనీ, తానే దాచి పెంచాననీ జినైదా కథ. ఆమె వంటశాల అధికారి కూతురిగా ప్యాలెస్‌లో పెరిగిన మాట నిజం. ఆ కుటుంబం వెంట ఉరల్ దాకా వెళ్ళిన మాటా నిజమే.

"సరిహద్దు అవతల, రష్యాలో, ఒక మఠంలో ఉన్నాడట. జనరల్ సాయంత్రం రైలుకి బయల్దేరుతున్నాడు, వెళ్ళి మోకరిల్లడానికి. అక్కడ యువరాజు ఉన్నాడో లేదో చూసి రమ్మని ఎఫీమ్‌ని పంపాను. నదిలో తేలాడు."

"జనరల్ గారికి చెప్పలేదా?"

"చెప్పాను. 'నేను ప్రమాణం చేసింది సింహాసనానికి, నీ సంఘానికి కాదు' అన్నాడు."

ఆవిరి గదిలోనూ గ్లేబ్‌కి ఒళ్ళు చల్లబడింది. జనరల్ సబూరొవ్ పారిపోయి వచ్చేటప్పుడు లెనిన్‌గ్రాద్‌లో తన మనుషులని కొందరిని వదిలి వచ్చాడు. వాళ్ళు ఈనాటికీ రహస్యంగా వార్తలు పంపుతున్నారు. వాళ్ళ పేర్లు ముసలాయన బుర్రలో తప్ప ఎక్కడా లేవు. అక్కడ ఒక స్కూల్లో పియానో నేర్పే లీద ఆ మనుషుల్లో ఒకతె. గ్లేబ్‌కి మిగిలిన ఒకే ఒక్క చెల్లెలు. ముసలాయన సరిహద్దు దాటి మాస్కో వాళ్ళ చేతికి చిక్కితే, ఎంత గట్టివాడైనా వారం తిరక్కుండా నోరు విప్పిస్తారు.

"నీ చెల్లెలి సంగతి నాకు తెలుసు," అన్నాడు బుర్యాక్. "అందుకే ఈ పని నీకిస్తున్నాను. అందుకే నీ మీద కూడా ఒక మనిషిని పెట్టాను."

"చిత్తం."

"జినైదా అబద్ధం జనరల్ కళ్ళముందే బయటపడాలి. అప్పుడు గానీ ఆయన ఆగడు. అది నీ వల్ల కాకపోతే..." బుర్యాక్ కొమ్మలు నానబెట్టిన బకెట్ అడుగున చెయ్యి పెట్టి ఒక వెండి సిగరెట్ కేసు తీశాడు. ఆయన సిద్ధాంతం ఆయనకి వర్తించదు. "పారిస్ ఆఫీసు పంపింది. మూత నొక్కితే ఒకే ఒక్క తూటా."

"జినైదాకా?"

"ఆమె పోతే ఆయన ఒక్కడే రైలెక్కుతాడు. అంత మొండివాడు."

మిగతాది చెప్పకుండానే అర్థమైంది. గ్లేబ్ ఆ కేసు అందుకున్నాడు. నీళ్ళలో నానిందేమో, బరువుగా ఉంది. చెల్లెలి కోసం, తన రెజిమెంట్ మొత్తాన్ని తండ్రిలా చూసుకున్న పెద్దమనిషిని కాల్చాలి.

*

స్టేషన్ బఫేలో సాయంత్రపు ఎండ ఇంకా వాలలేదు. మూల బల్ల దగ్గర జనరల్ సబూరొవ్ పాత కోటు మీద పతకాలన్నీ పెట్టుకుని, పెళ్ళికి బయల్దేరినవాడిలా వెలిగిపోతున్నాడు. పక్కనే ఆకుపచ్చ గౌనులో జినైదా. ఎదురుగా డాక్టర్ షూబిన్.

షూబిన్ అంటే మన గ్లేబే. అతికించిన గడ్డం, అవసరం లేని కళ్ళజోడు, మందుల పెట్టె. దెబ్బ తగిలితే రక్తం ఆగని జబ్బు యువరాజుది. కనుక డాక్టరొకడు వెంట ఉండడం మంచిదని బుర్యాక్ నచ్చజెబితే జనరల్ సంతోషంగా ఒప్పుకున్నాడు. జినైదా మాత్రం డాక్టరు గడ్డం వంక అదోలా చూసింది.

ఆమె 'కజిన్' క్రూజె అప్పటికే రైల్లో సీట్లు పట్టుకుని కూర్చున్నాడు. ఎడమ చెయ్యి జేబులోంచి తీయడు. కజిన్లకి అంత వెడల్పు భుజాలు ఎందుకో గ్లేబ్‌కి అర్థం కాలేదు.

"జబ్బు బాగా ముదిరింది ఏ కాలికమ్మా?" అన్నాడు గ్లేబ్, పెన్సిల్ తీసి.

"ఎడమ కాలు. మోకాలు మడిచి పడుకునేవాడు. ఎవరినీ ముట్టుకోనిచ్చేవాడు కాదు."

"నిద్ర?"

"నొప్పి ఉంటే ఏం నిద్ర డాక్టరు గారూ? నాతో చదరంగం బల్ల మీద డ్రాఫ్ట్స్ ఆడేవాడు. నేను కిటికీ వైపు చూడగానే నా కాయలు రెండు దిండు కింద దాచేసేవాడు. నేను చూడనట్టు ఉండేదాన్ని. గెలిచాక, 'ఇప్పుడు కొంచెం తగ్గింది జీనా' అనేవాడు."

చేతిలో సిగరెట్ ఆరిపోయినా ఆమె చూసుకోలేదు. అది నటన కాదు. పాత ప్యాలెస్ వైద్యుడొకాయన దగ్గర గ్లేబ్ పొద్దుటి నుంచీ పాఠం చెప్పించుకుని వచ్చాడు. వేసిన ప్రశ్నకల్లా ఆమె సరైన జవాబే చెబుతోంది. అబద్ధం పట్టుకుందామని వచ్చినవాడికి అన్నీ నిజాలే దొరుకుతున్నాయి.

ఇంకో చిక్కు కూడా ఉంది. వింటున్నకొద్దీ అతనికే నమ్మబుద్ధవుతోంది. చిన్నప్పుడు అతని క్లాసుగదిలో ఆ పిల్లాడి ఫోటో ఉండేది, నావికుడి టోపీతో. బతికే ఉన్నాడేమో. ఎఫీమ్‌ని చంపింది ఇంకెవరో ఏమో. బుర్యాక్ మాట మాత్రం ఎంతవరకు నమ్మాలి?

రెండో గంట కొట్టారు. మూడో గంట కొడితే రైలు కదులుతుంది. గ్లేబ్ ఎడమ చెయ్యి బల్ల కిందికి పోయింది. సిగరెట్ కేసు జనరల్ పతకాల వైపు తిరిగింది. బొటనవేలు మూత మీద ఆగింది.

"డాక్టరూ, నీ మొహం పాలిపోయింది. కాస్త వోడ్కా పుచ్చుకుంటే సరి," అంటూ జనరల్ గ్లాసులు నింపి లేచి నిలబడ్డాడు. "ముందు, పోయిన చక్రవర్తి కోసం."

ముగ్గురూ లేచారు. మాటల్లేకుండా తాగారు. గ్లాసులు తగిలించుకోలేదు. చనిపోయినవాళ్ళ కోసం తాగేటప్పుడు రష్యన్లు గ్లాసులు తగిలించరు. అది ఎవరూ కూర్చోబెట్టి నేర్పే విషయం కాదు. ఇంట్లో పెద్దవాళ్ళు పోయినప్పుడల్లా చూసి చూసి చేతికి అలవాటైపోతుంది. బతికున్నవాళ్ళ కోసం మాత్రం ఖంగుమనిపించాల్సిందే.

జనరల్ మళ్ళీ నింపాడు. ఆయన కళ్ళు నిండి ఉన్నాయి.

"ఇప్పుడు, మన యువరాజు ఆరోగ్యం కోసం."

గ్లేబ్ గ్లాసుకి ఆయన గ్లాసు ఖంగున తగిలింది. ఆయన జినైదా వైపు తిరిగాడు. ఆమె చెయ్యి వెనక్కి పోయింది. గ్లాసుని గుండెకి దగ్గరగా తీసుకుని, తల వంచి, చప్పుడు లేకుండా తాగేసింది. జనరల్ గ్లాసు గాలిలోనే ఉండిపోయింది.

గ్లేబ్‌కి ఊపిరాడినట్టయింది. ఈమె నోటికి శిక్షణ ఇచ్చినవాళ్ళు చేతికి ఇవ్వడం మర్చిపోయారు. ఆ పిల్లాడికి ఈమె తొమ్మిదేళ్ళుగా చనిపోయినవాడిగానే నివాళి అర్పిస్తోంది.

"జినైదా గారూ," అన్నాడు మెల్లగా, "జనరల్ గారి గ్లాసు మీ కోసం చూస్తోంది."

"తాగేశాను కదా."

"మళ్ళీ పోస్తాను."

పోశాడు. ఆమెకి తన పొరపాటు అప్పుడు తెలిసింది. మొహంలో రంగు పోయింది. అయినా ఏముంది, చెయ్యి చాచి ఒక్కసారి తగిలిస్తే ముసలాయన ఆనందంగా వెళ్ళి రైలెక్కుతాడు. గ్లేబ్ వేలు కేసు మూత మీద బిగుసుకుంది.

"తగిలించు తల్లీ," అన్నాడు జనరల్. ఆయన గొంతులో ఇప్పుడు సందేహం ఉంది, బతిమాలుకోవడం ఉంది. "మన బిడ్డ కోసం."

ఆమె గ్లాసు ఎత్తింది. సగం దూరం తీసుకెళ్ళింది. వోడ్కా తొడుగు మీద ఒలికింది. గ్లాసు బల్ల మీద పెట్టేసింది.

"నా వల్ల కాదు. వాడితో నేను వేళాకోళం ఆడలేను." తడిసిన తొడుగు విప్పేసింది. "ఎవరూ బతకలేదు జనరల్ గారూ. ఆ పొద్దున నేను ఆ ఊళ్ళోనే ఉన్నాను. మఠంలో మీ కోసం కూర్చున్నది యువరాజు కాదు."

"మరెందుకమ్మా నాకీ..."

"మాస్కోలో మా అమ్మ వాళ్ళ చేతిలో ఉంది."

మూడో గంట మోగింది. జనరల్ కుర్చీలో కూలబడ్డాడు. అంతలో తలుపు తోసుకుని క్రూజె వచ్చాడు.

"ఏంటిది, రైలు కదులుతుంటే ఇంకా తాగుడేనా?" అని కసిరి, ముగ్గురి మొహాలూ చూశాడు. జేబులోంచి ఎడమ చెయ్యి బయటికి వచ్చింది. చేతిలో రివాల్వర్ ఉంది.

గ్లేబ్ సిగరెట్ కేసు అతని వైపు తిప్పి మూత నొక్కాడు. టిక్కుమంది. మూత తెరుచుకుని తడిసిన సిగరెట్ ఒకటి నేల మీద పడింది.

క్రూజె దాని వంక చూశాడు. అదే అతను చేసిన తప్పు. డెబ్భై ఏళ్ళ జనరల్ వోడ్కా సీసా మెడ పట్టుకుని, అశ్వికదళంలో కత్తి దూసిన ఊపుతో అతని కణత మీద కొట్టాడు. క్రూజె బల్లనీ, ఊరవేసిన దోసకాయలనీ వెంటబెట్టుకుని కింద పడ్డాడు. బయట రైలు సరిహద్దు వైపు ఖాళీ సీట్లతో వెళ్ళిపోయింది.

గ్లేబ్ చేతిలోని కేసు వంక చూసుకున్నాడు. ముసలాయన్ని కాల్చాల్సి వచ్చినా ఇది పేలి ఉండేది కాదు. అందుకు దేవుడికి దణ్ణం పెట్టాలో, పారిస్ ఆఫీసుని తిట్టాలో తెలియలేదు.

"డాక్టరూ, నీ గడ్డం ఊడుతోంది," అన్నాడు జనరల్, ఆయాసపడుతూ. "ఎవరు నువ్వు?"

"లీద అన్నయ్యనండీ. పియానో టీచరు లీద."

జనరల్ కోటు మీది పతకాలు ఒక్కొక్కటే తీసి జేబులో వేసుకున్నాడు.

"ఒక నెల రోజులు ఆ పిల్లాడు నాకు బతికాడు బాబూ," అన్నాడు. "ఆ సంబరంలో నీ చెల్లెల్ని అమ్మేయబోయాను." ముసలాయన అందరి ముందూ ఏడ్చాడు. జినైదా ఆయన చెయ్యి పట్టుకుంది. ఆయన విడిపించుకోలేదు.

*

దొంగ పాస్‌పోర్టు నేరం కింద క్రూజె పోలీసుల చేతికి పోయాడు. జినైదాని బుర్యాక్ మనుషులు ఊరి చివర ఒక ఇంట్లో ఉంచారు. గ్లేబ్ వెళ్ళినప్పుడు ఆమె ఒక్కటే అడిగింది.

"నేనే నోరు విప్పానని తెలిస్తే, వాళ్ళు మా అమ్మని ఏం చేస్తారో తెలుసుగా?"

గ్లేబ్ ఇంటికి వెళ్ళి రిపోర్ట్ రాశాడు. నిందితురాలు చివరిదాకా తన కథకే కట్టుబడింది, ఏమీ ఒప్పుకోలేదు. గ్లాసు తగిలించకపోవడం ఒక్కటే ఏజెంటుకి దొరికిన ఆధారం. పారిస్ ఆఫీసుకి పంపిన కాగితం వారంలో మాస్కో చేరుతుందని రీగాలో ప్రతి రష్యన్‌కీ తెలుసు. మాస్కో కూడా చదువుకోవాలనే రాశాడు.

బుర్యాక్ అది రెండుసార్లు చదివాడు.

"నిజంగా ఏమీ ఒప్పుకోలేదా?"

"లేదండీ."

"జనరల్ కూడా ఇదే మాట చెప్పాడు. ఇద్దరి మాటా ఇంతలా కలిసిందంటే ఎక్కడో తేడా ఉంది," అని గొణిగి సంతకం పెట్టాడు.

పారిస్ నుంచి జవాబు వచ్చింది. ఒక గ్లాసు చప్పుడు కాలేదన్న కారణంతో ఒకరిని ద్రోహిగా తేల్చడం సంఘ చరిత్రలో ఇదే మొదలనీ, ఏజెంట్ తుమానొవ్ ఆ సమయానికి ఎన్ని గ్లాసులు తాగి ఉన్నాడో వెంటనే తెలియజేయవలెననీ అందులో ఉంది.

గ్లేబ్ వెంటనే తెలియజేశాడు.

"రెండు. ఒకటి తగిలించి, ఒకటి తగిలించకుండా."