తెల్ల షామియానా

పెద్దపల్లిలో మాది టెంట్ హౌస్. ఊళ్లో పెళ్లిళ్లన్నీ నా సామానుతోనే జరుగుతాయి. నేను మాత్రం కుర్చీల దొంతర పక్కన ఒంటరిగా అన్నం తింటాను.

ఆ వానాకాలం ఒక చిన్న సినిమా వాళ్లు తెల్ల షామియానా కావాలని వచ్చారు. బురద బూట్ల అమ్మాయి ఒకతె గుడ్డను ఎండకు పట్టి చూస్తోంది.

“జర మెల్లగ. చినిగితే మీ కెమెరామెన్‌నే అడుగుత. ఎప్పుడొస్తడాయన?”

“వచ్చిండు. నీ ముంగటనే ఉన్నడు, సేటూ.”

పేరు వనిత. శ్రీరాంపూర్ బొగ్గుబాయి కార్మికుడి బిడ్డ. వెనక పెద్ద కంపెనీ లేని సినిమాలకే కెమెరా పడుతుంది. ఎండ నేరుగా మొహం మీద పడకుండా నా షామియానా పైన కట్టించింది. హీరో వచ్చేలోగా వెలుతురు సరిచూసుకోవడానికి అతని ఎత్తు మనిషి కావాలని నన్ను నిలబెట్టింది.

ఫోకస్ కోసం టేపు కొస నా కంటి దగ్గర పట్టి, కెమెరా దాకా కొలిపించేది.

“రెప్ప కొట్టకు సేటూ.”

“నువ్వు గంత దగ్గరికొస్తే ఎట్ల?”

నవ్వేది. అంతలో హీరో వచ్చేవాడు. “ఇగ పక్కకు జరుగు” అనేది. జరిగేవాణ్ని. అంతసేపూ ఆమె చూసింది నన్నా, నా మీది వెలుతురునా? నాకు లెక్క తేలలేదు.

ఒకనాడు టీ తాగుతూ అడిగాను. “గింతమందిని తీస్తవు. నీ ఫొటో ఒక్కటన్న ఉందా?”

“కెమెరా ఎనుక ఉన్నోళ్లను ఎవరు చూస్తరు? షూటింగ్ అయితే అందరు ఇండ్లకు పోతరు. నేను ఇంకో ఊరికి పోత.”

మనసులో మాట చెబుదామనుకున్నాను. “వాన పడేటట్టుంది” అన్నాను.

షూటింగ్ ముగిసింది. సామానంతా తిరిగొచ్చింది, తెల్ల షామియానా తప్ప. అది హైదరాబాద్ వెళ్లే వ్యానులో పోయిందట.

“ఫోన్ చెయ్యరా, పార్సిల్ల పంపుతరు” అన్నాడు మా బాపు.

చేయలేదు. అడిగితే గుడ్డ వస్తుంది. అడగకపోతే ఆమె వస్తుందేమో.

పెళ్లిళ్ల సీజన్ వచ్చింది. తెల్లది అడిగినవాళ్లకు లేదని చెప్పి గిరాకీ పోగొట్టుకున్నాను. ఏ మండపంలో ఏ ఫొటోగ్రాఫర్ కెమెరా ఎత్తినా, అలవాటుగా పక్కకు జరిగాను.

మళ్లీ వానలు పడ్డాయి. ఒక సాయంత్రం షట్టర్ దింపుతుంటే బస్టాండ్ వైపు నుంచి నడిచొచ్చింది. అవే బూట్లు. తల మీద నా షామియానా మడత.

“సామాను పోతే అడగవా సేటూ? గిదేం యాపారం?”

“అడిగితే పార్సిల్ల పంపుదువు.”

వనిత షామియానా మడతను కుర్చీల దొంతర మీద దించింది. “అది మర్శిపోయి వ్యానుల పోలేదు. నేనే పెట్టుకున్న. ఫోన్ చేస్తవని చూసిన.”

ఒకే బేరానికి ఇద్దరమూ చెరో దిక్కున నోరు మూసుకుని కూర్చున్నామన్నమాట. నష్టం సమానం.

సంచిలోంచి టేపు తీసి, కొస నా కంటి దగ్గర పెట్టింది. కెమెరా తేలేదు. రెండో కొస తన కంటి దగ్గర పట్టుకుంది.

“హీరో ఎప్పుడొస్తడు?” అన్నాను.

“వచ్చిండు. నా ముంగటనే ఉన్నడు. ఇగ పక్కకు జరగకు.”