సున్నపు గీతల ఇల్లు

పొయ్యి మీద కిచిడీ ఇంకా ఉడుకుతూనే ఉంది, ప్రేమ్‌రాజ్ అప్పుడే దొర కథ మొదలుపెట్టాడు. అబిడ్స్ సందులోని ఆ కిరాయి ఇంట్లో ఇది రోజూ ఉండేదే. కొందరి ఇళ్లలో పొద్దున్నే రేడియో మోగుతుంది, వీళ్లింట్లో దొర మోగుతాడు.

దొర పేరు హ్యూబర్ట్ థార్న్‌బీ. ఇంగ్లండు పల్లెల్లో పెద్ద పెద్ద బంగళాలు గీసి పేరు మోసిన ఆర్కిటెక్టు. బండిచక్రాలు చేసేవాడి కొడుకట. సబ్బుల వ్యాపారులకూ తేయాకు షావుకార్లకూ ఇళ్లు కట్టి, చివరికి 'సర్' బిరుదు కొట్టేశాడట. ప్రేమ్‌రాజ్ పాలిటెక్నిక్‌లో డ్రాయింగు చెప్పడానికి చేరిన కొత్తలో, ఒక ఆదివారం అబిడ్స్ ఫుట్‌పాత్ మీది పాత పుస్తకాల్లో దొర ఇళ్ల బొమ్మల పుస్తకం చేతికి చిక్కింది. అంతే, దొర ఇంటి మనిషైపోయాడు. పెళ్లయి కాపురానికొచ్చిన సుగుణమణి నెల రోజులు విని విని, "ఆయన మనకేమైతడు?" అని అడిగింది కూడా.

"దొర గొప్పతనం ఎక్కడున్నదో తెలుసా?" ప్రేమ్‌రాజ్ గ్లాసులో చాయ్ చల్లారుతున్నా పట్టించుకోలేదు. "వంటింటి వాసన గానీ, గిన్నెల సప్పుడు గానీ భోజనాల గదికి రానిచ్చేటోడు కాదు. మసాలా ఘాటు రావద్దంటే మధ్యల దారి ఒక మలుపు తిరగాలె."

"దొరల ఇంట్ల మసాలా ఎక్కడిది మామయ్యా? ఉడకబెట్టిన ఆలుగడ్డలే గదా," అంది కోడలు యూనీస్. దవాఖానలో నర్సు ఆమె. మామగారి మాటకు అడ్డం తిరిగే ధైర్యం ఆ ఇంట్లో ఆమెకొక్కతికే ఉంది.

అందరూ నవ్వారు. సుగుణమణి కూడా నవ్వి, కిచిడీనీ చింతపండు ఖట్టానీ టిఫిన్ క్యారియర్‌లో సర్దింది. ఇవాళ మామూలు రోజు కాదు. నాంపల్లి స్టేషన్ వెనక సందులో ప్రేమ్‌రాజ్ తండ్రి కొన్న స్థలంలో, పాత పెంకుల గదులు తీసేసిన చోట, సున్నంతో ఇంటి ముగ్గు పోస్తారు. పాస్టరుగారొచ్చి ప్రార్థన చెయ్యగానే పునాది తవ్వుతారు.

పెళ్లయినప్పటి నుంచీ కిరాయి ఇళ్లే. ప్రతి ఇంట్లోనూ వంటిల్లు వెనకాలే, చీకట్లోనే. ముందు గదిలో అందరూ పకపకా నవ్వుతుంటే ఆ నవ్వు ఎందుకో తెలియక, గరిటె పట్టుకుని తనూ ఉత్తినే నవ్విన రోజులు ఆమెకు ఎన్నో. సొంతిల్లు కట్టుకుంటే పొయ్యి దగ్గర నిలబడి మనుషుల్ని చూడాలని, దేవుణ్ని ఆమె అడుక్కున్నది అదొక్కటే.

అయితే ఆ సంగతి భర్తకు చెప్పిందా అంటే, లేదు. ఏడాదిగా ఆయన ప్లాను పరిచి "ఎట్లున్నది సుగుణా?" అని అడుగుతూనే ఉన్నాడు. ఈమె "మంచిగున్నది, మీ ఇష్టం" అంటూనే ఉంది. నిజానికి ఆ కాగితం మీది గీతల్లో ఏది గోడో ఏది గుమ్మమో ఆమెకు ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు. 'కిచెన్' అన్న మాట చదువుకుని, హమ్మయ్య, వంటిల్లుందిలే అనుకునేది.

వాళ్లు నాంపల్లి చేరేసరికి బిచ్చయ్య మేస్త్రి దారాలు కట్టి సున్నం పోయడం ముగించాడు. నేల మీద ఇల్లంతా తెల్లగా పరుచుకుని ఉంది. కొడుకు షాలోమ్ ప్రార్థనకొచ్చే వాళ్ల కోసం తెచ్చిన కుర్చీల్లో నాలుగు దింపాడు. ప్రేమ్‌రాజ్ మొహం పెళ్లికొడుకు మొహంలా వెలిగిపోతోంది.

"ఇది హాలు. గిది భోజనాల గది. కుర్చీలు గీడ వెయ్యి షాలోమ్."

సుగుణమణి క్యారియర్ పట్టుకుని గబగబా నడవబోయింది.

"ఆగాగు! గోడల్ల నుంచి నడుస్తున్నవ్!" అని ప్రేమ్‌రాజ్ కేకేశాడు.

మళ్లీ నవ్వులు. "గట్లయితే వంటిల్లేది?" అంది సుగుణమణి. ఆయన చెయ్యి చాచి చూపించాడు. గీతల మధ్య దారి పట్టుకుని పొమ్మన్నాడు.

ఆమె పోయింది. దారి కొంతదూరం తిన్నగా వెళ్లి మలుపు తిరిగింది. సామాన్ల గది వచ్చింది. దాని తర్వాత ఇంకో గుమ్మం. అది దాటితే, పక్కింటివాళ్ల ప్రహరీని ఆనుకుని, వంటిల్లు. ఇటుకల మీద క్యారియర్ దించి ఆమె వెనక్కి తిరిగి చూసింది. ఏడాదిగా కాగితం మీద కనపడనిది ఇప్పుడు కళ్లకు కట్టింది.

"అత్తమ్మా, ఆకలైతుంది," అని పిలిచింది యూనీస్.

సుగుణమణి పళ్లెంలో కిచిడీ పెట్టి, గీత దాటకుండా, మలుపు తిరిగి, తెచ్చి భర్త చేతికిచ్చింది. మళ్లీ పోయింది. మళ్లీ తెచ్చి కొడుక్కిచ్చింది. కోడలికి తెచ్చేటప్పుడు మోకాలు పట్టేసి దారి మధ్యలో నిలబడిపోయింది. అప్పటికి ఎవరి మొహంలోనూ నవ్వు లేదు.

"నువ్వు కూడా రా మమ్మీ, తిందువు," అన్నాడు షాలోమ్.

ఆమె కోడలి పళ్లెం అందించి, వంటింట్లోకి పోయి ఇటుకల మీద కూర్చుంది. "నేను ఎట్ల కనబడుతున్నరా మీకు? నడుమ గోడలున్నయ్. నా మాట గూడ ఇనబడదు."

"ఏంది సుగుణా, చిన్నపిల్ల లెక్క!" ప్రేమ్‌రాజ్ లేచాడు.

"షాలోమ్ డాడీ, ఒక్క మాట చెప్పున్రి. దొర కట్టిన ఇండ్లల్ల వండేదెవరు?"

"పనోళ్లు. ఐదారుగురుంటరు."

"మనింట్ల?"

ఆయన చేతిలోని పళ్లెం వైపు చూసుకున్నాడు.

"పోనీ, దొర పెండ్లానికైన గట్లాంటి వంటిల్లు నచ్చిందా?"

ప్రేమ్‌రాజ్ గొంతు సవరించుకున్నాడు. "ఆయన... పెండ్లి చేసుకోలే. క్లబ్బుల తినేటోడు."

యూనీస్ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

"క్లబ్బుల తినేటాయన మాట పట్టుకొని నన్ను గీ మూలకు తోసిన్రా?" అంది సుగుణమణి. "కిరాయి ఇండ్లంటే మనయి కావు, సర్దుకున్న. ఇది నా ఇల్లు గదండీ! ఈడ గూడ మీరంతా ఆడ నవ్వుతుంటే నేను ఈడ ఒక్కదాన్నే ఉండాల్నా?"

ప్రేమ్‌రాజ్‌కు కోపం ముంచుకొచ్చింది. "ఏడాది సంది చూపిస్తనే ఉన్న! మంచిగున్నది, మంచిగున్నది అన్నవ్. పాస్టరుగారు వచ్చే టైముకు గిప్పుడా చెప్పేది?"

"నాకు ఆ కాగితం చదవరాదు!"

ఆ మాట సందు చివరిదాకా వినబడింది. బిచ్చయ్య సున్నం తట్ట కింద పెట్టి అటు తిరిగి నిలబడ్డాడు.

"చదవరాదు," అంది ఆమె మళ్లీ, ఈసారి మెల్లగా. "డ్రాయింగు సారు పెండ్లానికి డ్రాయింగు తెల్వదంటే మీకే నామోషీ అని చెప్పలే."

ప్రేమ్‌రాజ్ పళ్లెం పక్క కుర్చీ మీద పెట్టి కూలబడ్డాడు. మెదక్ పల్లెల నుంచి వచ్చిన, పెన్సిలు పట్టడం కూడా రాని పిల్లల్ని ఎంతమందిని పక్కన కూర్చోబెట్టుకున్నాడు! 'గీతను చూడకురా, గోడను చూడు' అని ఎంత ఓపిగ్గా చెప్పేవాడు! ఊరందరికీ నేర్పినవాడు, రోజూ తనకు అన్నం పెట్టే మనిషి పక్కన ఒక్క పూట కూర్చోలేదు. ఆమె 'మీ ఇష్టం' అన్న ప్రతిసారీ మెచ్చుకుందనుకుని మురిసిపోయాడు. ఆయన కళ్లు చెమర్చాయి. సిగ్గుతో తల దించుకున్నాడు.

కాసేపటికి లేచాడు. చెప్పులు విడిచి, తిన్నగా దారి మీదికొచ్చి, సున్నపు గీతను కాలితో చెరపడం మొదలుపెట్టాడు.

"సారూ!" బిచ్చయ్య లబోదిబోమన్నాడు. "పాస్టరుగారు వస్తున్నరట, ఫోన్ వచ్చింది!"

"రానీ. ప్రార్థన జర ఆగుతది."

"మరి మంజూరైన ప్లాను డాడీ?" అన్నాడు షాలోమ్.

"బయటి గోడలు కదలయ్‌రా. లోపలే మార్పు. దానికి నేనున్న గదా, ఫికర్ చెయ్యకు." మలుపును చెరిపాడు. సామాన్ల గదినీ చెరిపాడు. పాదాలు తెల్లబడ్డాక వచ్చి సుగుణమణి ఎదురుగా నిలబడ్డాడు. "లే సుగుణా. పొయ్యి కాడ నిలబడ్డవనుకో. నీకేం కనబడాలె?"

ఆమె కళ్లు తుడుచుకుంది. "ఏమో. మీకే తెలుస్తది."

"నాకు తెల్వదు. తెలిస్తే గిట్ల గీస్తనా? నువ్వు చెప్పు."

"మీరు తినేది కనబడాలె."

"ఇంకా?"

"వాకిలి. ఎవరొచ్చిన్రో లోపల్నుంచే చూడాలె."

"ఇంకా?"

ఇంకా అంటే ఏమిటో ఆమెకు వెంటనే తోచలేదు. అంతదాకా ఎవరూ అడిగి ఉంటే కదా! కాసేపు ఆలోచించి, "పొద్దుగాల జర ఎండ రావాలె," అంది సిగ్గుపడుతూ.

ప్రేమ్‌రాజ్ ఆమె చెయ్యి పట్టుకుని తూర్పు వైపు తీసుకొచ్చాడు. భోజనాల గదిని ఆనుకుని పొయ్యి గట్టు ఎక్కడొస్తుందో, కిటికీ ఎక్కడొస్తుందో చూపించాడు. ఆమె అటు నిలబడి, ఇటు నిలబడి, రెండడుగులు జరిగి, "ఔ, గీడ!" అంది. ఆయన గుప్పెడు సున్నం ఆమె దోసిట్లో పోశాడు. వేళ్ల సందుల్లోంచి ఎట్లా వదలాలో చూపిస్తూ పక్కనే వంగి నడిచాడు. గీత వంకరగా వచ్చింది. బిచ్చయ్య నోరు తెరవబోతే యూనీస్ కళ్లతోనే ఆపేసింది.

"అత్తమ్మా, మసాలా ఘాటు మొత్తం మామయ్య ముక్కుకే తగుల్తది ఇంగ!" అంది.

"తగలనీ," అన్నాడు ప్రేమ్‌రాజ్. "తుమ్ముకుంట తింట."

సుగుణమణికి నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. ఎన్నేళ్లుగానో గుండె మీదున్న బరువు దిగినట్లయింది.

పాస్టరుగారు వచ్చేసరికి భార్యాభర్తలిద్దరూ పిండిగిర్నీలోంచి లేచొచ్చినట్టున్నారు. ఆయన ఆశ్చర్యంగా చూసి, "ప్రార్థన ఎక్కడ చేద్దాం బ్రదర్?" అన్నాడు.

"మేం గీడ, భోజనాల గదిల నిలబడుతం అయ్యగారూ," అన్నాడు ప్రేమ్‌రాజ్. "సుగుణ ఆడ, పొయ్యి కాడ నిలబడుతది."

పాస్టరుగారికేమీ అర్థం కాలేదు గానీ, సరేనని ఒక వాక్యం చదివి, బైబిలు మూసి ప్రార్థన అందుకున్నాడు. అందరూ తలలు వంచి కళ్లు మూసుకున్నారు. సుగుణమణి మాత్రం మూసుకోలేదు. కొడుకునూ కోడలినీ తనివితీరా చూసుకుని, భర్త వైపు తిరిగింది. ఆయన కూడా కళ్లు తెరిచి ఆమెనే చూస్తున్నాడు.