కట్టయ్య విస్తరి

వరదలో పోయినవాళ్లందరికీ ఆ ఊళ్లో ఒకే రోజు దినాలు చేశారు. పరకాల దాటాక వాగు పక్కనే ఉంటుంది ఊరు. వార్త రాయడానికి వెళ్లిన నేను, పిట్టకు, అంటే కాకికి పెట్టే వేళకు ఒడ్డున నిలబడ్డాను. ఆరని బురద, నానిన వడ్ల వాసన. పోయినవాళ్లకు ఇష్టమైనవి విస్తళ్లలో వడ్డించారు. కాకి ముడితే ఆ ప్రాణం తృప్తి పడి వెళ్లిపోయినట్టు.

కాకులు వెంటనే దిగాయి. కట్టయ్య విస్తరిని మాత్రం ముట్టలేదు. వరదలో అతనొక్కడి శవమే దొరకలేదు.

"కల్లు తక్కువైందని అలిగిండు. ఇంకో ముంత పొయ్యిరి," అన్నాడు ఊరి పెద్ద పోశయ్య. ఒకరిద్దరు నవ్వారు.

కట్టయ్య భార్య మొగిలమ్మ నవ్వలేదు. "పానంతోని ఉన్నోని ఇస్తరి పిట్టెట్ల ముడ్తది మామా? నేను గాజులు తియ్య."

ఆ విస్తరి ఎత్తుకొని ఇంటికి నడిచింది.

పొద్దు గూకుతుంటే కట్టయ్య ఫొటో అడగడానికి ఆమె ఇంటికి వెళ్లాను. తలుపు ఓరగా ఉంది. లోపల చేపల పులుసు వాసన. దాని అడుగున ఇంకో వాసన... వాగుది.

గోడకు ఆనుకొని ఒక మనిషి కూర్చున్నాడు. ఒంటి మీద బట్టలు తడిగా ఉన్నాయి. ముందు విస్తరిలో అన్నం.

"చెప్పిన గదా అన్నా, నా పెనిమిటి వస్తడని," అంది మొగిలమ్మ. ముఖమంతా నవ్వు.

"ఆకలైతాంది," అన్నాడు కట్టయ్య. చెయ్యి మాత్రం లేవలేదు.

నా కాలి పక్క నుంచి ఒక కాకి లోపలికి నడిచింది. కట్టయ్య మోకాలెక్కింది. అక్కడ మనిషే లేనట్టు... అటు దిగింది.

అన్నం ముట్టింది.

కట్టయ్య తృప్తిగా కళ్లు మూసుకున్నాడు.

మొగిలమ్మ నవ్వు ఆగిపోయింది. గబగబా నా దగ్గరికొచ్చింది. గాజులు చప్పుడు కాకుండా చేత్తో అదిమి పట్టుకుంది.

"పిట్ట ముట్టలేదనే చెప్పన్నా," గొణిగింది. "నీ కాల్మొక్త."

తలుపు మూసింది. గడియ పడింది.

లోపలి నుంచి అతని గొంతు.

"ఇంకిన్ని ఇస్తర్లెయ్యి మొగిలీ... నాతోని వచ్చినోళ్లు బయట నిలబడ్డరు."

వెనక్కి తిరిగాను. వాకిట్లో ఎవరూ లేరు.

కాకులున్నాయి. గూళ్లు చేరాల్సిన వేళ, చప్పుడు లేకుండా, నేల మీద రెండు వరుసలుగా... నడుమ దారి వదిలి.